మిద్దె మీద తెరచాప

మా ఊరి పేరు కొత్తరేవు. అది ఎప్పుడు కొత్తదో మా అత్తకే గుర్తులేదు. ముత్తుకూరు దాటి తూర్పుకు వస్తే, బండి చక్రాలు ఇసుకలో కూరుకుపోయే చోట మా వీధి మొదలవుతుంది. నేను కోడలిగా వచ్చేనాటికే రేవుకు స్టీమర్లు రావడం మానేశాయి. అయినా వీధికి పడమటనున్న దిబ్బ మీద పోలేరయ్య రోజూ పొద్దున్నే ఎర్రజెండా ఎక్కించేవాడు, పొద్దుగూకగానే దించేవాడు. ఎవరు చూడాలని ఎక్కిస్తుండావయ్యా అని ఎవరైనా అడిగితే, "జీతమిచ్చేవాళ్ళు చూడాలని" అనేవాడు. ఆ జెండా గురించి అంతకన్నా నిజం ఎవరూ చెప్పలేదు.

మా వీధిలో ఇళ్ళన్నీ నెత్తిన చెయ్యి పెట్టి అణిచినట్టు ఒకే ఎత్తులో ఉండేవి. అదీ ఆ జెండా పుణ్యమే. దొరలు రేవు కట్టినప్పుడు ఒక ప్లాను గీశారు. దిబ్బకూ సముద్రానికీ నడుమ ఏ కట్టడమూ ఓడలవాళ్ళకు జెండాను మరుగు చేయకూడదని అందులో రాశారు. ఓడలు రావడం మానేశాయి, దొరలు మూటాముల్లె సర్దుకున్నారు, ఆ ప్లాను మాత్రం కదల్లేదు. పంచాయతీవాళ్ళు దాన్ని ఇంకా సులువు చేసుకుని, మేడ అన్న మాట వింటేనే తల అడ్డంగా ఊపేవాళ్ళు.

నేను చెప్పేది నయాపైసలు వచ్చిన మరుసటి ఏడు సంగతి. రంజాను నుంచి బక్రీదు దాకా, ఒక్క వేసవి.

అప్పుడు మా ఇంట్లో మేం ఎనిమిదిమందిమి. మా అత్త బడేబీ, మా ఆయన అల్లావుద్దీన్, నేను. మరిది మీరా మొహిద్దీన్, అతని భార్య ముంతాజ్ బేగం, వాళ్ళ ముగ్గురు పిల్లలు. నాకు పిల్లల్లేరు. అన్నదమ్ములిద్దరూ వీధి మొగదల కొట్టు పెట్టి పడవలకు కావలసిన తాళ్ళూ, మేకులూ, తెరచాప గుడ్డా అమ్మేవారు. ఇంట్లో ఉన్నవి రెండు గదులు, ముందు వసారా, వెనక పెరడు. పైన మిద్దె, దాని చుట్టూ మోకాలెత్తు పిట్టగోడ.

మా అత్త వయసులో ఉన్నప్పుడు తాళ్ళు పేని, సంతలో నేలమీద కూర్చుని, గొంతెత్తి అరిచి అమ్మిన మనిషి. కొట్టు పెట్టి నాలుగు డబ్బులు కళ్ళజూశాక ఇంటికి గోషా వచ్చింది. కొత్తగా వచ్చింది కాబట్టి పాతవాళ్ళకంటే గట్టిగా పట్టుకుంది మా అత్త. మిద్దె మీద ఎండుమిరపకాయలు తీసుకురావాలంటే కోడళ్ళిద్దరం తలెత్తకుండా వంగి ఎక్కి వంగి దిగాలి. నడుము ఎత్తితే కింద మంచం మీదినుంచే ఆమెకు ఎట్లా తెలిసేదో, "ఎవరే అది నిటారుగా నిలబడింది?" అని కేక వేసేది.

నేను వెంకటాచలం ఊరి పక్క పిల్లను. పరదా కట్టిన బండిలో ఈ ఇంటికి వచ్చాను. సముద్రం మా ఇంటికి కూతవేటు దూరం. పెళ్ళయిన నాటినుంచీ దాని చప్పుడు వింటూనే ఉన్నాను గాని కళ్ళతో చూసింది లేదు. నా తరఫున చూసి వచ్చేది ముంతాజు కూతురు మెహరు. బోర్డు బడి వదలగానే ఇసుక మీదుగా ఒక పరుగు తీసి, తడిసిన పావడాతో వచ్చి నా దగ్గర కూలబడేది.

"ఈ రోజు ఏ రంగులో ఉండాది మే?" అని అడిగేదాన్ని.

"అత్తరు సీసా రంగు, పెద్దమ్మా."

"నిన్నో?"

"నిన్న మసిగుడ్డ రంగు."

రోజూ ఒక రంగు చెప్పేది. నిజమో, నా కోసం కల్పించి చెప్పేదో నాకు తెలియదు. అదే నాకు సముద్రం.

ముంతాజు నెల్లూరు పిల్ల. పుస్తకాలకు అట్టలు కుట్టే ఆయన కూతురు. అయిదో తరగతి దాకా చదువుకుంది. కొట్లో పొట్లాలు కట్టడానికి తెచ్చిన పాత పత్రికల్లో నుంచి ఒక కాగితం లాగి, పొయ్యి ముందు కూర్చుని నాకు చదివి వినిపించేది. చాలాసార్లు కథ మొదలుండేది, చివర ఉండేది కాదు. ఆ చివర ఏమయి ఉంటుందో ఇద్దరం తలా ఒకటి చెప్పుకుంటూ కూర మాడబెట్టేవాళ్ళం. మా అత్త తిట్లు ఇద్దరికీ సమంగా పడేవి. ఆ ఇంట్లో నాకు ఊపిరాడిందంటే ఆమె వల్లే ఆడింది.

రంజాను పండగ నాడు మగవాళ్ళు వసారాలో భోజనానికి కూర్చున్నారు. మేం తలుపు వెనక ఉన్నాం. సేమ్యా తింటూ తింటూ మీరా గిన్నె పక్కన పెట్టాడు.

"అన్నా, నెల్లూరులో మా మామ ఇంటి పక్కన కొట్టు ఖాళీ అయిందంట. ఇక్కడ చూస్తే పడవలు ఏటేటికీ తగ్గిపోతుండాయి. పిల్లోళ్ళు పెద్దోళ్ళవుతుండారు. ఒక్క గదిలో అయిదుమందిమి ఎట్టా పడుకునేది, నువ్వే చెప్పు."

మా అత్త మంచం మీద లేచి కూర్చుంది. "నేను పొయ్యేదాకా అయినా ఒక్క పొయ్యి మీద తినండిరా. ఆనక మీ ఇష్టం."

మా ఆయన నెమ్మది మనిషి. చెయ్యి కడుక్కుని, తువ్వాలుతో తుడుచుకుని అప్పుడు మాట్లాడాడు. "ఇల్లు చాలకపోతే మనుషుల్ని తగ్గించుకుంటామా? ఇల్లు పెంచుకుంటాం. మిద్దె మీద ఒక గది వేద్దాం."

"వెయ్యనిస్తారా అన్నా?"

"అడుగుదాం. వేస్తే ఉంటావు గదా?"

"ఎందుకుండను? నాకు మాత్రం నిన్నొదిలి పోవాలని ఉండాదా? బక్రీదు దాకా చూస్తా. అప్పటికి గది లేవకపోతే నన్ను ఆపబాక."

తలుపు వెనక నేను ముంతాజు చెయ్యి పట్టుకున్నాను. అదే సమయానికి మెహరు పండగ పావడా మోకాళ్ళదాకా తడుపుకుని, పాదాల నిండా ఇసుకతో పరుగెత్తుకు వచ్చింది. మా అత్త కొడుకుల మీది కోపమంతా ఆ పిల్ల మీద చూపించింది.

"ఎనిమిదేళ్ళు వచ్చినాయి దీనికి. ఇంక గడప దాటేది లేదు. ఇసుకా వద్దు, బడీ వద్దు. ఏమే ముంతాజూ, ఇనపడిందా?"

"ఇనపడింది అత్తా" అంది ముంతాజు. పిల్లను పెరట్లోకి తీసుకుపోయి, తొట్టి దగ్గర నిలబెట్టి కాళ్ళు కడిగింది. ఇసుకంతా పోయాక కూడా చాలాసేపు కడుగుతూనే ఉంది.

మరునాటినుంచి మెహరు నా దగ్గరికి రంగు లేకుండా వచ్చి కూర్చోవడం మొదలుపెట్టింది.

మా ఆయన పంచాయతీకి తిరిగాడు. ప్రెసిడెంటు జయరామయ్య మంచివాడే. "నాకు మాత్రం మేడ వద్దా సాయిబూ? మా ఇల్లూ ఆ గీతలోనే ఉండాది" అని, నెల్లూరుకు అర్జీ పెట్టించాడు. కొన్నాళ్ళకు అక్కడినుంచి ఓవర్సీరు సంజీవరావు గారు వచ్చారు. సన్నటి మనిషి, చంకలో గొడుగు, ఉప్పుగాలికి మసకబారిన కళ్ళద్దాలను మాటిమాటికీ తుడుచుకునేవారు. వసారాలో కుర్చీ వేశారు. తలుపు వెనక పరదా దగ్గర మేమిద్దరం చెవులు రిక్కించి నిలబడ్డాం.

"ఇల్లు నాది, నేల నాది, పన్ను కట్టేది నేను" అన్నాడు మా ఆయన. "రాని ఓడ కోసం, ఉండే మనుషులకు చోటు లేకుండా చేస్తే ఎట్టా సార్?"

"మీరన్నది నిజమే సాయిబు గారూ. కానీ ఆ రూలు రాసింది నేను కాదు. కొట్టెయ్యడానికి అధికారమూ నాకు లేదు."

"రాసినోళ్ళు సముద్రం దాటి పోయినారు. పోయి వాళ్ళనడగాల్నా?"

సంజీవరావు గారు నవ్వారు. కళ్ళద్దాలు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నారు. "ఒక మాట చెబుతా వినండి. నేను ప్లాను తిరగేసి చూశాను. మేడ కట్టొద్దని అందులో యాడా లేదు. జెండా మరుగు కాకూడదని మాత్రం ఉంది. మీ గది లేచినాక కూడా జెండా కనబడుతుందంటే, అభ్యంతరం లేదని రాసేదానికి నాకేం భయం లేదు. మీ ఒక్కరికి వస్తే ఈ వీధికంతా దారి దొరికినట్టే."

"కనబడుతుంది సార్. గదిని తక్కువ ఎత్తులోనే వేస్తా."

"నోటి మాట చాలదు. చూడాలి. గది ఎంత ఎత్తో అంత ఎత్తుకు మిద్దె మీద గుడ్డ కట్టండి. పడవ మాట్లాడండి. ఓడ లంగరు వేసే చోటికి పోయి, నా కళ్ళతో చూసి రాస్తాను. ఆదివారం తప్ప ఏ రోజైనా వస్తా."

ఆ పూట మా ఆయన ముఖం చూడాలి. కొట్లోనుంచి రెండు నిటారు వెదుళ్ళు తెచ్చి, తానే కొలుచుకుని గది ఎత్తుకు కోశాడు. తెరచాప గుడ్డ పొడుగుపాటిది తీసి, రెండు కొసలా వెదుళ్ళకు మీరా చేతనే కుట్టించాడు. గుడ్డ పై అంచు వెదురు కొసకు సమంగా ఉండాలి, కింది అంచు పిట్టగోడకు తగలాలి. అంతవరకూ బాగానే ఉంది. మిద్దె మీద ఆ వెదుళ్ళు పట్టుకునేది ఎవరన్న దగ్గర చిక్కు వచ్చింది. మా మిద్దెకు మెట్లు లోపలి పెరట్లోనుంచే. కూలివాళ్ళను ఆడవాళ్ళు తిరిగే పెరట్లోకి రానిచ్చేది లేదని మా అత్త మంకుపట్టు పట్టింది. అన్నదమ్ములిద్దరూ ఓవర్సీరుగారితో పడవలో పోవాలి. గుడ్డ ఎట్లా ఉండాలో, జెండా ఎక్కడ తేలాలో దగ్గరుండి చూపించాలి గదా.

"ఇంకెవరుండారు? కోడళ్ళే పట్టుకుంటారు" అంది మా అత్త.

"నిలబడే పట్టుకోవాలమ్మా. వంగి పట్టుకుంటే కుదరదు" అన్నాడు మా ఆయన, నవ్వాపుకుంటూ.

ఆమె కాసేపు ఆలోచించింది. "ముందర గుడ్డ ఉండాది గదా. అదే పరదా. నిలబడనీ."

ఆ విధంగా మా అత్త నోటితోనే, ఆ ఇంటి మిద్దె మీద నడుము నిటారుగా ఎత్తి నిలబడడానికి మాకు అనుమతి దొరికింది.

ఓవర్సీరుగారు వస్తానన్న రోజుకింకా వ్యవధి ఉంది. నేను ఆగలేకపోయాను. పెరట్లో రుబ్బురోలు దగ్గర నేను పొత్రం తిప్పుతుంటే, ముంతాజు పిండి లోపలికి తోసేది. నా నోటికి తాళం లేదు.

"తూర్పున పెద్ద కిటికీ పెట్టిద్దాం మే. జాలీ వేయిస్తే మనం ఎవరికీ కనబడం, మనకు మాత్రం సముద్రమంతా కనబడుతుంది. కిటికీ కింద అరుగు. ఇద్దరం చెరో కొసన కూర్చుని కందిపప్పు ఏరుకుంటాం."

"ఊ."

"మెహరుకు ఆ మూల ఉయ్యాల వేద్దాం. అది ఊగుతా రంగు చెప్తుంటే, నేను చూసి కాదు పొమ్మంటా."

"ఊ."

"ఊ ఏంది? గది నీది. నువ్వు గూడా ఏదో ఒకటి కావాలని చెప్పు."

ఆమె రోట్లో పిండి వంకే చూస్తూ, "కిటికీ ఎంత పెద్దది పెట్టినా, దాంట్లోనుంచి బడికి పోలేరు గదక్కా" అంది.

నేను పగలబడి నవ్వాను. "కిటికీలోనుంచి దూకి బడికి పొయ్యేదేంది, అది ఏమన్నా పిల్లా, కోతా?"

ఆమె కూడా నవ్వింది. ఆ వేసవి అంతా నేను అట్లాగే మాట్లాడుతూ ఉన్నాను, ఆమె అట్లాగే వింటూ ఉంది. ఇద్దరం కలిసి అనుకుంటున్నామని నేను అనుకున్నాను.

చెప్పిన రోజున సంజీవరావు గారు వచ్చారు. భోజనాలయ్యాక మగవాళ్ళు ముగ్గురూ సముద్రానికి పోయారు. వీధిలో వాళ్ళంతా వెనకాలే పోయారు. ఆ గది మా ఒక్కరి గది కాదు అప్పటికి. అది లేస్తే మా తరువాత నా ఇల్లంటే నా ఇల్లని అందరూ లెక్కలు వేసుకుని ఉన్నారు. పోతూ పోతూ మా ఆయన పెరట్లోకి వచ్చి మాకు మళ్ళీ చెప్పాడు.

"వెదురు మొదలు మిద్దె నేలమీదే ఆనాలి. కదల్చబాకండి. మేం చూసుకుని వెనక్కి తిరిగితే పడవలోనుంచి తువ్వాలు ఊపుతాం. పోలేరయ్య అది చూసి జెండా దించుతాడు. జెండా మీ వెనకాలే గదా, అది దిగినాక మీరూ దించండి."

మేం మిద్దె ఎక్కాం. అలవాటు కొద్దీ వంగే ఎక్కాం. వెదుళ్ళు పిట్టగోడకు ఆనించి పైకెత్తాక అప్పుడు నడుములు ఎత్తాం. నేను ఉత్తరపు కొస, ముంతాజు దక్షిణపు కొస. మా వెనక, దిబ్బ మీద, సరిగ్గా ముంతాజు తలకు పైన ఎర్రజెండా. మా ముందు నిలువెత్తు గుడ్డ. తెరచాప గుడ్డకు ఉండే నూనె వాసన. దాని అవతల సముద్రం. అంత దగ్గరగా దాని చప్పుడు నేనెప్పుడూ వినలేదు. ఎన్నాళ్ళుగానో చూడాలనుకున్నది అటుపక్క ఉంది, నేను ఇటుపక్క ఉన్నాను, నడుమ మా కొట్టు గుడ్డే అడ్డం. నాకు నవ్వొచ్చింది.

మొదట కాస్త గాలి తోలింది. గుడ్డ ఉబ్బి, ఇల్లంతా కదిలి ఎటో పోతున్నట్టనిపించింది. "గట్టిగా పట్టుకో మే, నెల్లూరు దాకా కొట్టుకుపోతాం" అన్నాను. తరువాత గాలి పూర్తిగా పడిపోయింది. గుడ్డ ముడత కూడా కదలకుండా వేలాడింది. ముంతాజు గుడ్డ కొసను కొంచెం తొలగించి బయటికి చూసింది.

"గాలి లేదు. తెడ్లు వేసుకుంటా పోతుండారు" అంది. మళ్ళీ కాసేపటికి, "చేరినారు. పడవ నిలబడింది" అంది.

అప్పుడు ఆమె తన వెదురును రెండు చేతులా ఎత్తి, దాని మొదలును పిట్టగోడ మీద పెట్టింది.

పొరపాటున పెట్టిందనుకున్నాను. "ముంతాజూ, గోడ మీద పెట్టినావు. కిందికి దించు, దించు" అన్నాను.

ఆమె నా వైపు తిరిగింది. నేను ఆమెను పెరట్లో, వంటింట్లో, జ్వరంలో, పురిటిలో చూశాను. ఆ ముఖం అదివరకు చూడలేదు. ఏడవడం లేదు. భయపడుతోంది. నన్ను చూసి భయపడుతోంది.

"గాలి ఎక్కువగా ఉండాదక్కా" అంది.

గుడ్డ నిలువునా వేలాడుతోంది. కింద పెరట్లో మెహరు గొంతు వినబడుతోంది, నేనూ ఎక్కుతానని. మా అత్త దాన్ని కసురుతోంది. రోటి దగ్గర ముంతాజు అన్న మాట అప్పుడు వచ్చింది నా చెవికి. అన్ననాడు రాలేదు.

ఆమె వెదురు దించలేదు. నేను గుడ్డ పై అంచు చూశాను. ఆమె వైపు పైకి, నా వైపు కిందికి, ఏటవాలుగా ఉంది. పడవలో ఉన్నవాళ్ళలో ఇద్దరు తెరచాపల మధ్య పుట్టి పెరిగినవాళ్ళు. అంచు వంకరపోతే ఎంత దూరంనుంచైనా పట్టేస్తారు. ఆ మాట ఇంటికి వస్తే, మా అత్త ముందు, మొగుడి ముందు ముంతాజు ఏమైపోతుంది?

నేను వంగి, నా వెదురు మొదలు పట్టుకుని, ఎత్తి పిట్టగోడ మీద పెట్టాను.

వంగినప్పుడు గుడ్డ కిందా, గోడ పైనా ఏర్పడిన సందులోనుంచి సముద్రం కనబడింది. మెహరు చెప్పినవాటిలో ఏ రంగూ కాదది. దాని మీద వడ్లగింజంత పడవ. అందులో మా ఆయన ఉన్నాడు.

అంచు సమంగా వచ్చింది. జెండా దిగేదాకా మేమిద్దరం ఒకరి వైపు ఒకరం చూసుకోలేదు. దిగాక వెదుళ్ళు దించి, గుడ్డ చుట్టి, వంగి మెట్లు దిగాం.

మగవాళ్ళు పొద్దు వాలుతుండగా వచ్చారు. సంజీవరావు గారు వసారాలోకి కూడా రాలేదు. వాకిట్లోనే నిలబడి, "నా చేతిలో ఏమీ లేదు సాయిబు గారూ. జెండా కొస కూడా కనబడలేదు. చూసింది చూసినట్టు రాయాలి గదా" అన్నారు. నిజంగానే బాధపడ్డారు ఆ మనిషి. గొడుగు వాకిట్లో మరిచిపోయి, మళ్ళీ వచ్చి తీసుకుపోయారు.

మా ఆయన పొయ్యి దగ్గరికి వచ్చి పీట మీద కూలబడ్డాడు. "నేను ఒకటికి రెండుసార్లు చూసుకున్నా జమాలూ. కనబడాల్సిందే. ఎందుకు కనబడలేదో నాకు తెలీలేదు" అన్నాడు. చిన్నపిల్లవాడిలా అడుగుతున్నాడు. నేను పొయ్యిలో కట్టె ఎగదోశాను. నాలుగు రోజులు ఆయన అదే మాట అంటూ తిరిగాడు. తరువాత ఆ వెదుళ్ళను చూరు కింద పడేసి, ఆ ఊసెత్తడం మానేశాడు.

బక్రీదుకు ముందే బండ్లు వచ్చాయి. ఒక బండిలో సామాను, ఒక బండికి పరదా. మా అత్త పోలేరయ్యనూ, జెండానూ, దొరలనూ, ఓవర్సీరునూ వరసగా తిట్టి, అలిసిపోయి మంచం మీద గోడవైపు తిరిగి పడుకుంది. ముంతాజు బురఖా చేతిలో పట్టుకుని వంటింట్లోకి వచ్చింది. పొయ్యి ముందు మేం కూర్చునే చోట నిలబడింది.

"అక్కా" అంది.

"మెహరును బడిలో వేసినాక కబురు పంపు" అన్నాను.

ఆమె తలెత్తి నన్ను చూసింది. నేల మీద కూర్చుని నా మోకాళ్ళ మీద ముఖం పెట్టుకుంది. బయటినుంచి మీరా పిలిచేదాకా అట్లాగే ఉంది. నేను ఆమె తల నిమిరాను గాని ఉండిపొమ్మని అనలేదు. అంటే ఉండిపోయేదేమో. అందుకే అనలేదు.

బండ్లు కదిలాయి. ఆ సాయంత్రం అన్నం ఎప్పటి కొలతకే వండాను. చాలా మిగిలిపోయింది. మిగిలిన అన్నం చూసి అప్పుడు ఏడ్చాను.

అయిదారేళ్ళు గడిచాక, మా ఊరి రేవు ఇక రేవు కాదని పైనుంచి ఉత్తర్వు వచ్చింది. దాంతో ప్లానూ రద్దయింది. పోలేరయ్య జెండా మడిచి ఇచ్చేశాడు. కంబాన్ని పీకే దిక్కులేక అట్లాగే వదిలేశారు. వీధిలో ఎవరికి చేతనైనంత వాళ్ళు పైకి లేపుకున్నారు. మా అత్త అప్పటికి లేదు.

మా ఆయన కూడా మేస్త్రీని పిలిపించాడు. ఇద్దరమున్న ఇంటికి మేడగది ఎందుకని నేను అడగలేదు. చూరు కిందినుంచి ఆ పాత వెదుళ్ళు తీసి, సరిగ్గా ఆ ఎత్తుకే గోడలు లేపమన్నాడు. తూర్పున పెద్ద కిటికీ పెట్టించాడు. దాని కింద ఇద్దరు కూర్చునేటంత అరుగు వేయించాడు. నేను రోటి దగ్గర చెప్పిందంతా ఆయన ఎప్పుడు విన్నాడో నాకు తెలియదు.

గదికి సున్నం ఆరిన రోజుల్లో ఆయన ఏదో పని మీద పడవలో సముద్రం మీదికి పోయాడు. తిరిగి వచ్చి, కాళ్ళయినా కడుక్కోకుండా మేడ ఎక్కాడు. నేను అరుగు మీద కూర్చుని ఉన్నాను.

"జమాలూ."

"ఊ."

"లంగరు వేసే చోటినుంచి చూసినా. మన గది మీదుగా జెండా కంబం ఇంకా మూరెడు పైకే కనబడుతుండాది."

నేను కిటికీ వైపే చూస్తున్నాను.

"ఆ రోజు మీరు వెదుళ్ళు యాడ నిలబెట్టినారు?"

"ఆ రోజు గాలి ఎక్కువగా ఉండింది" అన్నాను.

ఆ రోజు తెడ్లు వేసుకుంటూ పోయిన పడవలో ఆయన ఉన్నాడు. గాలి సంగతి నాకంటే ఆయనకే బాగా తెలుసు. గుమ్మం పట్టుకుని నిలబడి, నన్ను చూశాడు, ఖాళీగా ఉన్న అరుగు రెండో కొసను చూశాడు.

"అవును. ఉండింది" అన్నాడు. దిగిపోయి కాళ్ళు కడుక్కున్నాడు.

మెహరు నెల్లూరులో ఎస్సెల్సీకి చదువుతోంది. ముంతాజు ఏడాదికొకసారి వస్తుంది, నాకిష్టమని పాత పత్రికలు తెస్తుంది. చివర ఉన్న కథలే ఏరి తెస్తుంది. ఆ మిద్దె సంగతి ఆమె ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. రెండు రోజులుండి పోతుంది.

ఆయన కొట్టుకు పోయాక నేను పని ముగించుకుని పైకి వస్తాను. నిటారుగానే ఎక్కుతాను, కేకవేసే వాళ్ళు లేరు. అరుగు మీద ఉత్తరపు కొసనే కూర్చుంటాను. దక్షిణపు కొస మీద ఏమీ పెట్టను, పప్పు చేట కూడా. ఈ రోజు సముద్రం అచ్చంగా అత్తరు సీసా రంగులో ఉంది. మెహరు అబద్ధం చెప్పలేదన్నమాట. ఆ మాట చెబుదామని పక్కకు తిరిగాను.